అద్దె బకాయి పడితే: ఇల్లు ఖాళీ చేయించే కేసుల్లో కోర్టులు ఏం చూస్తాయి?

అద్దె కట్టకపోతే ఖాళీ చేయించవచ్చని అందరికీ తెలుసు. కేసు వేయబోయే ముందు తేల్చుకోవాల్సిన సంగతి మరొకటి ఉంది: ఆ ఇంటికి ఏ చట్టం వర్తిస్తుంది?

ఆంధ్రప్రదేశ్ 2017లో కొత్త అద్దె చట్టం చేసుకుంది. తెలంగాణలో ఉమ్మడి రాష్ట్రం నాటి 1960 అద్దె నియంత్రణ చట్టమే నడుస్తోంది. ఇది అన్ని ఇళ్లకూ వర్తించదు. ప్రభుత్వ భవనాలకు, కట్టి పదిహేనేళ్లు నిండని భవనాలకు మినహాయింపు ఉంది. 2005 సవరణ నాటికి అద్దె కార్పొరేషన్ల పరిధిలో నెలకు రూ.3,500, ఇతర చోట్ల రూ.2,000 దాటిన భవనాలకూ అంతే. అందువల్ల కొత్త అపార్ట్‌మెంట్లు దీని బయట ఉంటాయి. పాత బజార్లలో దశాబ్దాల కిందటి అద్దెతో నడిచే మల్గీల తగాదాలు మాత్రం రెంట్ కంట్రోలర్ దగ్గరికే వెళతాయి.

ఈ చట్టంలోని 10వ సెక్షన్ గడువు చెబుతుంది. ఒప్పందంలో తేదీ ఉంటే, ఆ తేదీ దాటాక పదిహేను రోజుల్లోగా అద్దె చెల్లించాలి. తేదీ లేకపోతే మరుసటి నెల చివరి రోజు వరకు సమయం ఉంటుంది. అంటే జూన్ అద్దెకు జులై 31 గడువు. అది దాటినంత మాత్రాన ఇల్లు పోదు. ఎగవేత ఉద్దేశపూర్వకం కాదని కంట్రోలర్‌కు అనిపిస్తే, పదిహేను రోజులకు మించకుండా గడువిచ్చి, బకాయి కట్టించి, పిటిషన్‌ను కొట్టేయవచ్చు. కాబట్టి వాదన అంతా ఆ ‘ఉద్దేశపూర్వకం’ అన్న మాట చుట్టూనే తిరుగుతుంది. తమిళనాడు చట్టం కింద వచ్చిన సుందరం పిళ్లై కేసులో సుప్రీంకోర్టు 1985లో దీనికి అర్థం చెప్పింది. పర్యవసానం తెలిసి కూడా, కావాలని, లెక్క వేసుకుని కట్టకపోవడమే అలాంటి ఎగవేత అన్నది దాని సారాంశం.

గూడూరులోని మోడరన్ హోటల్ కేసు (1989) మన అద్దెదారులకు ఇంకా దగ్గరిది. చట్టం అనుమతించిన దానికంటే ఎక్కువ అడ్వాన్సు యజమాని చేతిలో ఉండగా, అద్దెదారు ఉద్దేశపూర్వకంగా ఎగవేశాడనడం కుదరదని సుప్రీంకోర్టు చెప్పింది. అడ్వాన్సుకు రసీదు అడగడానికి మొహమాటపడేవాళ్లు ఈ కేసును గుర్తుపెట్టుకోవడం మంచిది.

కొన్ని నెలలు అద్దె తీసుకోకుండా ఉండి, ఆనక ఎగవేత కింద కేసు వేయడం పాత ఎత్తుగడ. దీనికి విరుగుడు 8వ సెక్షన్‌లో ఉంది. యజమాని అద్దె తీసుకోకపోతే, ఏ బ్యాంకులో వేయాలో చెప్పమని రాతపూర్వకంగా అడగాలి. పది రోజుల్లో చెప్పకపోతే మనియార్డరు చేయాలి. అదీ తిప్పి పంపితే కంట్రోలర్ దగ్గర డిపాజిట్ చేయాలి. చాలామంది ఇవేవీ చేయకుండా ‘ఆయనే తీసుకోలేదు’ అనుకుని ఊరుకుంటారు. నిరూపించుకునే రోజు వచ్చేసరికి చేతిలో కాగితం ఉండదు.

కేసు నడుస్తున్నప్పుడు అద్దె ఆపేయడం అంతకంటే ప్రమాదం. 11వ సెక్షన్ ప్రకారం, పిటిషన్‌ను ఎదుర్కోవాలంటే బకాయి జమ చేసి, నెలనెలా అద్దె కడుతూ ఉండాలి. తగిన కారణం చూపలేకపోతే విచారణ అక్కడితో ఆపి, ఖాళీ చేయమని కంట్రోలర్ ఆదేశిస్తారు. ఎంత బలమైన వాదన ఉన్నా వినిపించే అవకాశం పోతుంది.

అద్దె చట్టం వర్తించని ఇళ్లకు 1882 నాటి ఆస్తి బదిలీ చట్టమే దిక్కు. నెలవారీ అద్దె అయితే 106వ సెక్షన్ కింద పదిహేను రోజుల నోటీసు ఇచ్చి, సివిల్ కోర్టులో దావా వేయవచ్చు. కారణం చూపనక్కర్లేదు. అద్దె చట్టం కింద కేసు వేసేవారికి మాత్రం ఈ నోటీసు అవసరం లేదని ధనపాల్ చెట్టియార్ కేసులో ఏడుగురు జడ్జీల ధర్మాసనం 1979లోనే తేల్చింది. అద్దె కట్టనందుకే లీజు రద్దు చేసి దావా వేస్తే, విచారణ నాటికి బకాయి, వడ్డీ, ఖర్చులు చెల్లించిన అద్దెదారును కోర్టు 114వ సెక్షన్ కింద కరుణించవచ్చు. అది కోర్టు విచక్షణ, హక్కు కాదు.

ఓడిపోయాక అప్పీలు వేసి ఏళ్ల తరబడి పాత అద్దెతో కాలం గడిపే పద్ధతికి ఆత్మారామ్ ప్రాపర్టీస్ కేసు అడ్డుకట్ట వేసింది. ఢిల్లీలోని ఆ ఆస్తికి అద్దె నెలకు రూ.371.90. స్టే కావాలంటే నెలకు రూ.15,000 జమ చేయమన్న ట్రిబ్యునల్ షరతును సుప్రీంకోర్టు 2004 డిసెంబరులో సమర్థించింది. ఖాళీ చేయమన్న డిక్రీ వచ్చాక పాత అద్దె కొలమానం కాదు, మార్కెట్ విలువే కొలమానం.

కొవిడ్ లాక్‌డౌన్‌లో దుకాణం మూతపడింది కాబట్టి అద్దె ఆపమన్న వాదనను ఢిల్లీ హైకోర్టు 2020 మేలో ఖాన్ మార్కెట్ దుకాణం కేసులో తోసిపుచ్చింది. తాత్కాలికంగా వాడుకోలేకపోవడం అద్దె ఎగ్గొట్టే హక్కు ఇవ్వదని చెబుతూనే, చెల్లింపునకు కొంత వెసులుబాటు మాత్రం ఇచ్చింది.

ఎంత బకాయి ఉన్నా తాళం వేయడానికి, కరెంటు, నీళ్లు ఆపడానికి యజమానికి అధికారం లేదు. అలా బయటికి గెంటితే, స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం 6వ సెక్షన్ కింద ఆరు నెలల్లోగా దావా వేసి స్వాధీనం తిరిగి పొందవచ్చు. ఆ దావాలో ఇల్లు ఎవరిదన్న ప్రశ్న కోర్టు అడగదు. గెంటివేసిన రోజు ఇంట్లో ఎవరున్నారు, చట్టప్రకారం ఖాళీ చేయించారా లేదా అన్నదే చూస్తుంది.