గోబెల్స్ జమానాకు లొంగని హెర్టా తీలే

ఆ సినిమాలో పద్నాలుగేళ్ల పిల్ల, ఆ పిల్ల ప్రాణంగా ఆరాధించే టీచరమ్మ ఉంటారు. నిజానికి నటీమణులిద్దరూ 1908లోనే పుట్టారు. టీచరుగా వేసిన డొరోథియా వీక్ జనవరిలో, శిష్యురాలిగా వేసిన హెర్టా తీలే మేలో. తెర మీద చూస్తున్నంతసేపూ ఆ సంగతి మనకు తట్టదు. తీలే కళ్లలో బెదురూ మొండితనమూ కలిసే ఉంటాయి మరి.

1931లో వచ్చిన ఆ జర్మన్ చిత్రం 'మేట్షెన్ ఇన్ ఉనిఫోర్మ్'. పోట్స్‌డామ్‌లో సైనికాధికారుల కూతుళ్లు చదివే హాస్టల్ కథ. తారాగణంలో మచ్చుకైనా మగవాడు లేడు. దర్శకురాలు లియోంటీన్ సాగన్, మూల నాటకం క్రిస్టా విన్స్‌లోది. సొంత ఊరు లైప్‌జిగ్‌లో నాటకం ఆడినప్పుడు కూడా శిష్యురాలు మాన్యుయేలా వేషం తీలేదే. నాటకంలో మాన్యుయేలా చచ్చిపోతుంది. సినిమాలో తోటి పిల్లలు మెట్లెక్కి పరుగున వచ్చి కాపాడుకుంటారు. నన్నడిగితే సినిమాకు బలం ఈ మార్పే. ప్రిన్సిపాలమ్మ క్రమశిక్షణ ఆ మెట్ల దగ్గరే వీగిపోతుంది.

మరుసటి ఏడు 'కూలే వాంపే'. అప్పటికి జర్మనీలో 60 లక్షల మందికి పని లేదు. బెర్టోల్ట్ బ్రెక్ట్ రచనలో భాగం పంచుకున్నాడు, స్లాటన్ డూడోవ్ దర్శకుడు. పని దొరక్క విసిగిన తమ్ముడు చేతి గడియారం జాగ్రత్తగా తీసిపెట్టి, కిటికీలోంచి దూకేస్తాడు. అద్దె కట్టలేని ఆ కుటుంబం బెర్లిన్ శివార్లలో డేరాల్లోకి చేరుతుంది. అక్క ఆనీగా తీలే నటించింది. సెన్సారు మొదట నిషేధించి, కత్తిరింపుల తర్వాత వదిలింది. 1933లో నాజీలు వచ్చి మళ్లీ నిషేధించారు.

ఆ ఏడాదే హాన్స్ ఫల్లాడా నవల ఆధారంగా తీసిన చిత్రంలోనూ తీలే కథానాయిక. చేతినిండా పనున్న రోజులవి. కానీ నాజీల ప్రచారానికి తన ముఖం అరువివ్వడానికి ఆమె ఒప్పుకోలేదు. ఆ కాలంలో నటులను అణచడానికి జైలుదాకా పోనక్కర్లేదు. నాజీ ప్రచార మంత్రి గోబెల్స్ పెత్తనం కింద నడిచే కళాకారుల మండలిలో సభ్యత్వం లేనివారికి వేషం లేదు, జీతం లేదు. 1936లో తీలే సభ్యత్వం రద్దయింది. మరుసటేడు స్విట్జర్లాండ్ వెళ్లిపోయింది. అక్కడ కొన్నాళ్లు నాటకాలు, ఆ తర్వాత మానసిక వైద్యశాలలో రోగుల సేవ.

1966లో తూర్పు జర్మనీకి తిరిగొచ్చి నాటకాల్లో, టీవీలో చిన్నాచితకా పాత్రలు వేసింది. 1984లో తూర్పు బెర్లిన్‌లో కన్నుమూసింది. తారగా వెలిగింది మహా అయితే మూడు నాలుగేళ్లు.

మాన్యుయేలా కథను 1958లో రోమీ ష్నైడర్‌తో రంగుల్లో మళ్లీ తీశారు. పేరున్న తార కాబట్టి చాలామందికి అదే తెలుసు. రెండూ దొరికితే మాత్రం, ముందు తీలేది చూడండి.