బట్టమేక దిగిన బీళ్లు

తిరువూరు, పెనుగొలను వైపు ఊళ్లలో అడవి మాటెత్తితే గుర్తొచ్చేది కొండపల్లి. కొండలు, చెట్లు, బొమ్మలకు పనికొచ్చే పొణికి కర్ర. నంద్యాల జిల్లా మిడ్తూరు మండలంలోని రోళ్లపాడుకు వెళ్తే అలాంటిదేమీ కనపడదు. గడ్డి, అక్కడక్కడా ముళ్లపొదలు, చుట్టూ చేలు. చూసినవాళ్లు బీడు అనేస్తారు. కానీ మన రాష్ట్రంలో ఇంత విలువైన నేలలు చాలా కొద్ది.

ఈ బీడును కోరి ఎంచుకున్నది బట్టమేక పిట్ట. మగది 15 కిలోల దాకా తూగుతుంది. ఆడది నేలమీదే, సాధారణంగా ఒకే ఒక్క గుడ్డు పెడుతుంది. జాతీయ పక్షిగా దేన్ని ఎంచుకోవాలన్న చర్చ వచ్చినప్పుడు పక్షి శాస్త్రవేత్త సలీం అలీ దీని పేరే చెప్పారు. 1963లో ఆ గౌరవం నెమలికి దక్కింది.

1980లలో బాంబే నేచురల్ హిస్టరీ సొసైటీ తరఫున అసద్ రహ్మానీ, రంజిత్ మనకదన్ వంటి పరిశోధకులు రోళ్లపాడులో పనిచేశారు. వాళ్ల పనిలో నాకు అన్నిటికన్నా ముఖ్యంగా తోచేది ఒకటుంది. బట్టమేక గడ్డి మీదే బతకలేదు. గుడ్డు గడ్డిలో పెట్టేది, మేతకు పక్కనున్న మెట్టచేలలోకి నడిచేది. మిడతలు, పురుగులు, గింజలు అక్కడే దొరికేవి. అంటే ఆ పక్షిని సాకింది సర్కారు గడ్డి ఎంతో, రైతు వేసిన జొన్న, కొర్ర, వేరుశనగ కూడా అంతే.

1988లో రోళ్లపాడును అభయారణ్యంగా ప్రకటించారు. కాపాడిన గడ్డి చిన్న ముక్క; చుట్టూ ఊళ్లూ, రైతుల పొలాలూ. ఆ గీత అలా గీయడం పొరపాటే. పశువుల మేత ఆగాక గడ్డి తేరుకుంది, కృష్ణజింకలు పెరిగాయి. అవి చేలమీద పడ్డాయి. నష్టం రైతుది, పేరు పక్షిది. ఆపైన కాలువ నీళ్లొచ్చాయి, అలగనూరు జలాశయం వచ్చింది, పంటలు మారాయి. నీళ్లు కోరుకున్న రైతును తప్పుపట్టలేం. కానీ జొన్నచేలు తగ్గిన కొద్దీ బట్టమేకకు మేత దొరికే చోటు కుదించుకుపోయింది. కొన్నేళ్లుగా అది ఇక్కడ కనిపించడమే గగనం.

అలాగని రోళ్లపాడు ఉత్త నేల కాలేదు. చలికాలంలో మధ్య ఆసియా నుంచి వచ్చే పిల్లిగద్దలు సాయంత్రం గుంపులుగా ఈ గడ్డిలో దిగి నిద్రిస్తాయి. పగలంతా చేలమీద తిరిగి మిడతలు పట్టేవి అవే. తోడేళ్లకూ నక్కలకూ ఇదే ఆశ్రయం.

దేశంలో ఇప్పుడు మిగిలిన బట్టమేకలు 150 లోపే, ఎక్కువగా రాజస్థాన్‌లోని జైసల్మేర్ వైపు. కళ్లు పక్కలకు ఉండటంతో ఎదురుగా ఉన్న కరెంటు తీగ వాటికి సరిగా ఆనదు, ఢీకొంటాయి. తీగలను భూమిలో వేయాలని 2021లో సుప్రీంకోర్టు ఆదేశించింది, 2024లో ఆ ఆదేశాన్ని సడలించింది. జైసల్మేర్ వైపు కేంద్రాల్లో గుడ్లు పొదిగించి పిల్లలను పెంచుతున్నారు. ఆ పిల్లలను ఎప్పటికైనా మన గడ్డి మీద వదలాలంటే రోళ్లపాడు చుట్టూ జొన్న వేసే రైతుకు గిట్టుబాటు ధర, జింకలు మేసిన చేనుకు సకాలంలో పరిహారం ఇప్పటినుంచే అందాలి.