‘టొటోరో’ బాల్యవిస్మయానికి మూలాలు

హయావో మియజకీ 1988లో తీసిన ‘నా పొరుగున టొటోరో’ చిత్రంలోని బాల్యవిస్మయాన్ని జపానీయుల వృక్షారాధనకో, దర్శకుడి అద్వితీయ ప్రతిభకో ఆపాదించడం విమర్శకులకు పరిపాటి అయింది. కర్పూరవృక్షానికి చుట్టిన పవిత్రమైన తాడు మొదటి వాదానికి ఆధారమే గాని, అటువంటి చిహ్నాలున్న ఇతర చిత్రాలకు ఈ ముచ్చట ఎందుకు అబ్బలేదన్న ప్రశ్నకు అందులో సమాధానం లేదు.

జపాన్ యానిమేషన్ తొలి దశ తెలిసినదే. తోయ్ సంస్థ 1958లో జపాన్ తొలి రంగుల పూర్తి నిడివి యానిమేషన్ చిత్రాన్ని విడుదల చేసింది. 1963లో ఒసాము తెజుకా ‘ఆస్ట్రో బాయ్’తో, బొమ్మల సంఖ్య తగ్గించి ఖర్చు మిగుల్చుకునే పరిమిత యానిమేషన్ టీవీలో వేళ్ళూనుకుంది. మియజకీ తోయ్‌లో చేరినదీ ఆ ఏడాదే.

నిశితంగా పరిశీలించవలసినది 1971–74 మధ్యకాలం. స్వీడన్ రచయిత్రి ఆస్ట్రిడ్ లిండ్‌గ్రెన్ అనుమతి ఇవ్వకపోవడంతో ఆమె పాత్ర ‘పిప్పి’పై మియజకీ, తకహతాల చిత్రప్రయత్నం ఆగిపోగా, దాని ఛాయలు 1972 నాటి ‘పాండా కోపాండా’లోని జడల పిల్ల మిమికోలో తేలాయి, అందులోని తండ్రి పాండా వెడల్పాటి నవ్వు టొటోరో ముఖాన మళ్ళీ కనబడుతుంది. అయితే రూపసామ్యం బలహీనమైన సాక్ష్యం. పద్ధతిలోని సామ్యమే గట్టిది. ఇసావో తకహతా దర్శకత్వంలో 1974లో 52 భాగాలుగా ప్రసారమైన ‘హైడీ’కి మియజకీ లేఅవుట్లు, అంటే ప్రతి షాట్‌లో పాత్ర స్థానాన్నీ చూపు కోణాన్నీ పరిసరాలనూ ముందే నిర్ణయించే చిత్తుపటాలు, వారం వారం గీశాడు. నిప్పుసెగకు కరిగిన జున్ను రొట్టె మీద పరుచుకోవడం వంటి నిత్యకృత్యాన్ని తీరికగా చూపించే ధైర్యం ఆ ధారావాహికలోనే కుదురుకుంది. ఆ ధైర్యంలో తకహతా వాటా ఎంతో కచ్చితంగా తేల్చడం కష్టమే అయినా, మియజకీ ఒక్కడి ప్రతిభగా చెప్పే కథనం మాత్రం దాని ముందు నిలవదు.

అదే తీరిక ‘టొటోరో’లోనూ కనబడుతుంది. చిన్నపిల్ల మే మొదట నీటిగుంటలో తోకకప్పల్ని చూస్తుంది, అడుగూడిన బకెట్‌లోంచి తొంగిచూస్తుంది, రాలిన గింజల్ని ఏరుకుంటుంది, బుల్లి టొటోరో ఆమె కంటబడేది ఆ తరువాతే. బస్సు స్టాపులో, గొడుగు మీద చినుకు టప్పున పడగానే ఆ భారీ జంతువు పులకరించి, చెట్ల మీది నీళ్ళన్నీ ఒక్కసారిగా రాలేటట్టు ఎగిరి దూకుతుంది. చినుకు బరువును ప్రేక్షకుడు ముందే నమ్మి ఉండకపోతే ఆ గెంతు ఉత్త గారడీ అయ్యేది. ఈ నమ్మకంలో కజువో ఓగా గీసిన పొలాలకూ పొదలకూ భాగముందని ఒప్పుకోవలసిందే.

నేటి స్థితి అంత ఆశాజనకంగా లేదు. 2008 నాటి మియజకీ చిత్రం ‘పోన్యో’ చేతిగీత సత్తాను మళ్ళీ చాటినా, అందులో అలల విన్యాసం కథను అక్కడక్కడా మింగేసింది. ‘హైడీ’ ఒరవడిలో ఏడాదికొకటిగా సాగిన సాహిత్య ధారావాహికల వరుస 1997లో తెగిపోవడంతో, చిత్రకారులు నిత్యజీవిత కదలికలను దీర్ఘకాలం సాధన చేసే వేదిక ఒకటి కరువైంది. 2025లో కృత్రిమ మేధతో వెల్లువెత్తిన మియజకీ శైలి అనుకరణ బొమ్మలు బుగ్గల నునుపునూ ఆకుపచ్చనీ పట్టుకున్నాయే గాని, మే వంగి బకెట్‌లోకి చూసేటప్పుడు ఒళ్ళు తూలే తీరు వాటి ఊహకే రాలేదు.