కాచిగూడ సారు, ఫతే మైదాన్, గచ్చిబౌలి

పొంగల్ సెలవుల్లో హైదరాబాదులో ఉన్న మా చిన్నాయన ఇంటికి వెళ్ళాం. ధర్మపురి నుంచి బెంగుళూరుకు బస్సు, అక్కణ్ణుంచి కాచిగూడకు రైలు. మా ఊరు ధర్మపురి అని రైల్లో ఒకాయనతో చెబితే, ఆయన గోదావరి ఒడ్డున నరసింహస్వామి గుడి ఉన్న ధర్మపురి అనుకున్నాడు. తెలంగాణలో ఆ పేరుతో పెద్ద పుణ్యక్షేత్రం ఉందట. మాది సేలం పక్కన ఉండే ధర్మపురి అంటే, "మరి తెలుగు ఇంత బాగా ఎట్లా వచ్చు?" అన్నాడు. ఈ ప్రశ్న మన బడిలో చదివే అందరికీ అలవాటే కదా!

చిన్నాయన మొదట చార్మినార్ చూపిస్తానన్నాడు. "ముందు ఫుట్‌బాల్ స్టేడియాలు చూపించు చిన్నాయనా" అన్నాను. చెన్నైయిన్ జట్టు 2015లో, మళ్ళీ 2018లో ఐ.ఎస్.ఎల్. గెలిచింది, చెన్నైలో నెహ్రూ స్టేడియం ఉంది. బెంగుళూరులో కంఠీరవ ఉంది. హైదరాబాదులో ఏముందో చూడాలని నా ఆశ. చిన్నాయన నవ్వి, "ఏముందో కాదురా, ఏముండేదో చూద్దువు పద" అన్నాడు. అప్పుడు నాకు ఆ మాట అర్థం కాలేదు.

నిజానికి మా రైలు ఆగిన కాచిగూడలోనే కథ మొదలవుతుంది. ఒకప్పుడు కాచిగూడ మిడిల్ స్కూల్లో సయ్యద్ అబ్దుల్ రహీం అనే ఉపాధ్యాయుడు పనిచేశాడు. 1909లో హైదరాబాదులోనే పుట్టాడు, ఉస్మానియాలో చదివాడు. తర్వాత వ్యాయామ విద్యలో కూడా శిక్షణ తీసుకున్నాడు. చాదర్‌ఘాట్ హైస్కూల్లోనూ పాఠాలు చెప్పాడు. అందరూ ఆయన్ని రహీం సాబ్ అనేవాళ్ళు. బడి పంతులుగా ఉంటూనే 1942లో హైదరాబాద్ ఫుట్‌బాల్ సంఘానికి కార్యదర్శి అయ్యాడు. 1950లో హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టును చేతిలోకి తీసుకున్నాడు. అదే కాలంలో భారత జట్టుకు కూడా శిక్షకుడయ్యాడు. మన దేశ జట్టును నడిపింది ఒక బడి పంతులని నాకు అంతవరకు తెలియదు.

మేము మొదట వెళ్ళింది ఫతే మైదాన్‌కి. అసెంబ్లీ మెట్రో స్టేషన్‌లో దిగి నడిచాం. పక్కనే నిజాం కాలేజీ. ఫతే అంటే గెలుపు. 1687లో ఔరంగజేబు సైన్యం గోల్కొండ కోటను ముట్టడించినప్పుడు ఈ ఖాళీ నేలలో డేరాలు వేసుకుందని, కోట చిక్కాక దీనికి ఆ పేరు వచ్చిందని చెబుతారు. ఓడిపోయిన ఊరివాళ్ళే గెలిచినవాళ్ళ పేరును ఇన్ని వందల ఏళ్ళు పిలుస్తున్నారంటే నాకు వింతగా అనిపించింది. 1967లో దీనికి లాల్ బహదూర్ స్టేడియం అని పేరు మార్చారు. ఇప్పుడు అందరూ ఎల్.బి. స్టేడియం అంటారు. పెద్ద సభలు కూడా ఇక్కడే జరుగుతాయి. 2023 డిసెంబరులో తెలంగాణ ముఖ్యమంత్రి ప్రమాణ స్వీకారం చేసింది ఇక్కడే.

గట్టు మీద కూర్చుని చిన్నాయన చెప్పడం మొదలుపెట్టాడు. చిన్నప్పుడు మా తాత ఆయనకు చెప్పిన సంగతులు కొన్ని, పుస్తకాల్లో చదివినవి కొన్ని. ఇంటికి వచ్చాక నేను కూడా వెతికి సరిచూసుకున్నాను.

హైదరాబాద్ సిటీ పోలీస్ అంటే పోలీసు ఉద్యోగులు ఆడే జట్టు. రహీం రాకముందే దానికి పేరుంది. 1943లో మనకు దగ్గర్లోని బెంగుళూరులోనే ఆష్ గోల్డ్ కప్ ఫైనల్లో బ్రిటిష్ వైమానిక దళం జట్టును ఓడించింది. ఆ దళం తరఫున ఆడినవాడు డెనిస్ కాంప్టన్! ఇంగ్లండ్‌లో క్రికెట్, ఫుట్‌బాల్ రెండింట్లోనూ పేరు మోసినవాడు. రహీం వచ్చాక ఇక ఆగలేదు. బొంబాయిలో జరిగే రోవర్స్ కప్ 1950 నుంచి 1954 దాకా వరుసగా ఐదు సార్లు ఈ పోలీసులదే. డ్యూరాండ్ కప్ ఫైనల్లో కలకత్తా మోహన్ బగాన్‌ను ఓడించారు. 1956-57, 1957-58లో హైదరాబాదు రాష్ట్ర జట్టు వరుసగా రెండు సార్లు సంతోష్ ట్రోఫీ తెచ్చింది. అప్పట్లో ఫుట్‌బాల్ అంటే కలకత్తా అనేవాళ్ళు. ఆ కలకత్తా క్లబ్బులే ఆటగాళ్ళ కోసం హైదరాబాదు వచ్చేవి.

అంత గొప్పగా ఎలా నేర్పాడు? ఈ సంగతి నాకు అన్నిటికంటే బాగా నచ్చింది కాబట్టి కొంచెం ఎక్కువ రాస్తాను. రహీం పిల్లలకు వింత వింత పోటీలు పెట్టేవాడు. ఒక పోటీలో బంతిని కాళ్ళతో తిప్పుకుంటూ ముందుకు పరిగెత్తకూడదు. వచ్చిన బంతిని వెంటనే తోటివాడికి అందించాలి. ఇంకో పోటీలో చేతకాని కాలితోనే తన్నాలి, అంటే కుడికాలివాడు ఎడమకాలితోనే ఆడాలి. ఎత్తు కొలిచి పొట్టి పిల్లలకు విడిగా పోటీలు కూడా పెట్టాడు. మన ఆటగాళ్ళు యూరప్ వాళ్ళంత ఎత్తు, బలం ఉండరు కాబట్టి బంతి చకచకా చేతులు మారాలి (కాళ్ళు మారాలి అనాలేమో) అని ఆయన ఆలోచన. 1958 ప్రపంచ కప్‌లో బ్రెజిల్ 4-2-4 పద్ధతిలో ఆడి గెలిచింది. రహీం అంతకుముందే ఆ దారిలో తన జట్టును ఆడించాడని ఫుట్‌బాల్ చరిత్ర రాసేవాళ్ళు అంటారు.

ఆయనకు ఓటములు లేవనుకోకండి. 1952లో హెల్సింకి ఒలింపిక్స్‌లో యుగోస్లావియా చేతిలో మనవాళ్ళు 1-10 తేడాతో చిత్తుగా ఓడిపోయారు. ఆ చలిలో చాలామంది ఉత్త కాళ్ళతో ఆడారు. ఆ తర్వాతే మన దేశంలో బూట్లు తప్పనిసరి చేశారు. నాలుగేళ్ళు తిరిగేసరికి 1956 మెల్‌బోర్న్‌లో అదే భారతదేశం ఆస్ట్రేలియాను వాళ్ళ సొంత నేల మీద 4-2తో ఓడించి సెమీఫైనల్‌కు చేరింది. నెవిల్ డిసౌజా మూడు గోల్స్ కొట్టాడు. చివరికి నాలుగో స్థానం వచ్చింది. ఒలింపిక్స్ ఫుట్‌బాల్‌లో మనం అంతకు మించి ఎప్పుడూ వెళ్ళలేదు. ఆ జట్టులో హైదరాబాదు పిల్లలు చాలామంది.

వాళ్ళలో తులసీదాస్ బలరాం గురించి విన్నప్పుడు నాకు ఒళ్ళు పులకరించింది. సికింద్రాబాదు దగ్గర అమ్ముగూడలో 1936లో పుట్టాడు. వాళ్ళది తమిళ కుటుంబం! తెలుగు నేల మీద పెరిగిన తమిళ అబ్బాయి అతను, తమిళ నేల మీద పెరిగిన తెలుగు పిల్లలం మేము. రెండు ఒలింపిక్స్ ఆడాడు. 1960 రోమ్‌లో హంగేరీ మీద గోల్ కొట్టాడు. కలకత్తా ఈస్ట్ బెంగాల్‌కు ఆడి అక్కడ దేవుడిలా పేరు తెచ్చుకున్నాడు. జబ్బు చేసి ముప్పై ఏళ్ళు రాకముందే ఆట మానుకోవాల్సి వచ్చింది. 2023లో బెంగాల్లోనే కన్నుమూశాడు. గోల్‌కీపర్ పీటర్ తంగరాజ్ కూడా హైదరాబాదులో పుట్టినవాడే.

ఇక 1962 జకార్తా ఆసియా క్రీడలు. అప్పటికి రహీం సాబ్‌కు క్యాన్సర్. అయినా జట్టుతో వెళ్ళాడు. మొదటి మ్యాచ్‌లోనే దక్షిణ కొరియా చేతిలో 0-2తో ఓడిపోయాం. ఆ తర్వాత థాయిలాండ్, జపాన్, సెమీఫైనల్లో దక్షిణ వియత్నాం. సెప్టెంబరు 4న ఫైనల్, మళ్ళీ అదే కొరియా. ఇజ్రాయెల్, తైవాన్ జట్లను రానివ్వనందుకు మన ప్రతినిధి ఒకరు అభ్యంతరం చెప్పాడని ఇండోనేషియా జనానికి మన మీద కోపం. స్టేడియం నిండా మనల్ని ఎగతాళి చేసే కేకలే. తలకు గాయమై కుట్లు పడిన జర్నైల్ సింగ్‌ను వెనక కాపలా నుంచి తీసి ముందు వరసలో ఆడించాడు రహీం. పి.కె. బెనర్జీ ఒక గోల్, ఆ జర్నైల్ సింగ్ ఒక గోల్. 2-1తో బంగారు పతకం. 1951లో ఢిల్లీలో వచ్చిన మొదటి బంగారం కూడా రహీం జట్టుదే. 1963 జూన్ 11న ఆయన చనిపోయాడు. ఆసియా క్రీడల ఫుట్‌బాల్‌లో మనకు మూడో బంగారం ఇప్పటిదాకా రాలేదు.

ఫతే మైదాన్ బయట నలుగురు పిల్లలు బంతి పట్టుకొని కనిపించారు. "రహీం సాబ్ తెలుసా అన్నా?" అని అడిగాను. ముగ్గురు తెలియదన్నారు. ఒకతను మాత్రం, "మైదాన్ సినిమాలో అజయ్ దేవగణ్ కదా" అన్నాడు. 2024లో ఆ సినిమా రాకపోయుంటే ఆ ఒక్కడికీ తెలిసేది కాదేమో.

మర్నాడు గచ్చిబౌలి. జి.ఎం.సి. బాలయోగి స్టేడియం. 2002 జాతీయ క్రీడల కోసం కట్టారు, దాదాపు 30 వేల మంది కూర్చోవచ్చు. చుట్టూ అద్దాల మేడలు, కంప్యూటర్ కంపెనీలు. 2019లో హైదరాబాద్ ఎఫ్.సి. అనే కొత్త క్లబ్ పుట్టి దీన్ని సొంత మైదానం చేసుకుంది. మొదటి ఏడు అన్నిటికంటే కింద నిలిచింది. 2022 మార్చి 20న మాత్రం గోవాలో కేరళ బ్లాస్టర్స్‌ను పెనాల్టీల్లో 3-1తో ఓడించి ఐ.ఎస్.ఎల్. గెలిచింది. గోల్‌కీపర్ కట్టిమణి మూడు పెనాల్టీలు ఆపాడు. ఆ మ్యాచ్ నేను ఫోన్లో చూశాను, అప్పుడు నేను చిన్న తరగతి. కానీ కరోనా వల్ల ఆ ఏడాది మ్యాచ్‌లన్నీ గోవాలోనే పెట్టారు. అంటే హైదరాబాదు గెలిచిన సంవత్సరంలో హైదరాబాదువాళ్ళు తమ ఊళ్ళో ఒక్క మ్యాచ్ కూడా చూడలేదు! తర్వాత క్లబ్‌కు డబ్బు ఇబ్బందులు వచ్చాయి. 2025లో చేతులు మారి, పేరు మార్చుకొని ఢిల్లీకి వెళ్ళిపోయింది.

చిన్నాయన మొదట అన్న మాట నాకు ఆ గేటు ముందు అర్థమైంది. ఆట ఎందుకు తగ్గిందని అడిగితే, "ఒకప్పుడు బంతి బాగా తన్నితే పోలీసులో, ఇంకో ఆఫీసులో ఉద్యోగం దొరికేది. అది తగ్గింది. మంచివాళ్ళు కలకత్తా వెళ్ళిపోయారు. మిగతావాళ్ళకు క్రికెట్ వచ్చింది" అన్నాడు. నాకు ఇందులో ఇంకొకటి కలపాలనిపిస్తుంది. రహీం పోయాక బళ్ళలో అలాంటి పోటీలు పెట్టే సార్లు ఎంతమంది మిగిలారు? స్టేడియం కట్టడానికి డబ్బు చాలు. పదేళ్ళ పిల్లవాడికి ఎడమకాలు వాడడం నేర్పాలంటే రోజూ సాయంత్రం మైదానంలో ఒక మనిషి నిలబడాలి.

ఊరికి వచ్చాక మా పి.టి. సారుకి ఇదంతా చెప్పాను. సారు కాసేపు ఆలోచించి, వచ్చే శనివారం చేతకాని కాలితో మ్యాచ్ పెడదామన్నారు. పెట్టారు కూడా. నలభై నిమిషాలు ఆడితే ఒక్క గోల్ కూడా పడలేదు. మా సెంథిల్ తన్నిన బంతి రెండు సార్లు వెనక్కే వెళ్ళింది. నేను కొట్టింది పక్కనున్న వేపచెట్టుకు తగిలింది. సారు విజిల్ వేసి, "మళ్ళీ శనివారం" అన్నారు.