ముద్దుపళని పద్యములు – మారిన అభిరుచులు

రుచి ఎవరిది వారిదే అంటాము. అది ఎంతవరకు నిజమో తెలియడానికి ముద్దుపళని వ్రాసిన రాధికాసాంత్వనం కథ ఒక్కటి చాలు.

తంజావూరు నేలిన మరాఠా ప్రభువు ప్రతాపసింహుని (1739–63) కొలువులోని విదుషి ఆమె. తాను పెంచిన ఇళను కృష్ణునికిచ్చి పెండ్లిచేసిన రాధ విరహము, అలుక, కృష్ణుని బుజ్జగింపు ఇందలి ఇతివృత్తం. వేశ్యాకులంలో పుట్టిన స్త్రీ శృంగారకావ్యం చెప్పడం ఆనాటి సభకు వింత కాదు.

శతాబ్దిన్నర గడిచేసరికి చదువరి మారాడు. కందుకూరి వీరేశలింగంగారు కవుల చరిత్రలో కావ్యాన్నీ, కవయిత్రినీ కూడా నిరసించారు. పంతులుగారి చిత్తశుద్ధిని నేను శంకించను. భోగంమేళాలపై పోరాడిన మనిషికి ఆ పద్యాలలో రసం కంటె ముందు ఆ ఆచారమే కనబడి ఉంటుంది. ఏవగింపు కూడా మనిషి నేర్చుకొన్నదే కదా!

బెంగుళూరు నాగరత్నమ్మగారు తాళపత్రప్రతి సంపాదించి, 1910లో వావిళ్ళవారిచేత అచ్చు వేయించారు. ఆమెదీ దేవదాసీ కుటుంబమే. సిగ్గు ఆడువారికే గాని మగవారికి అక్కరలేదా అని ఆమె నిలదీశారు. 1911లో ప్రభుత్వం కావ్యాన్ని నిషేధించింది. టంగుటూరి ప్రకాశంగారు మద్రాసు రాష్ట్ర ప్రభుత్వాధినేతగా (1946–47) ఉన్నప్పుడు గాని ఆ నిషేధం తొలగలేదు.

నాకు విచిత్రంగా తోచేది మరొకటి. క్షేత్రయ్య పదాలలో నాయిక పలికే మాటలు ఇంతకు తక్కువవేమీ కావు. వాటిని పెద్దలు మువ్వగోపాలుని భక్తిగా విని తల ఊపారు. ఆ నాయిక గొంతు పురుషుడు కల్పించినది; ముద్దుపళని గొంతు ఆమె సొంతం.