నాన్న కొట్టని గోడ

మా నాన్న సెట్టింగుల వడ్రంగి. 1976లో ఎన్టీ రామారావు గారు నాచారంలో రామకృష్ణ స్టూడియో పెట్టాక ఆయనకు ఇంటికి నడక దూరంలోనే పని దొరికింది. పొద్దున్నే ఫ్యాక్టరీ షిఫ్టుకు పోయే సైకిళ్ల వెంట, టిఫిన్ డబ్బా పట్టుకుని, నాన్న హస్తినాపురానికి డ్యూటీకి పోయేవాడు. 'దాన వీర శూర కర్ణ' రోజులవి. 1977 సంక్రాంతికి వచ్చిన ఆ సినిమాకు దర్శకుడూ రామారావు గారే, కర్ణుడూ దుర్యోధనుడూ కృష్ణుడూ ఆయనే. నాకు మాత్రం స్తంభాలే గుర్తు. ఓసారి నాన్న లోపలికి తీసుకుపోయాడు. ముందు నుంచి చూస్తే చలువరాయి. వెనక్కి పోతే రీపర్లు, గోనెగుడ్డ, వంగిన మేకులు. వేలితో తడితే ఖాళీ డబ్బా మోత. "గట్టిగ కొట్టకు, రాజ్యం కూల్తది" అన్నాడు.

అందుకే 'దాసి' సినిమా చూస్తూ ఆయన వేసిన ప్రశ్నకు నాకు నవ్వొచ్చింది. ఓ ఆదివారం మధ్యాహ్నం దూరదర్శన్‌లో వేశారు. దొర గడి, అందులో కమలాక్షి అనే దాసి, మాటలు బహు తక్కువ. పాటల్లేవని అమ్మ లేచిపోయింది. నాన్న టీవీకి దగ్గరగా జరిగి, "గీ గోడ ఎవడు కొట్టిండురా?" అన్నాడు. నిజం గోడలాగుంది నాన్నా అంటే నమ్మలేదు. చాలాసేపు చూసి, "అవు, చెమ్మ పట్టింది" అని ఒప్పుకున్నాడు.

దాన్ని తీసిన బి. నర్సింగరావు 1946లో ప్రజ్ఞాపూర్‌లో పుట్టినవాడు, స్వతహాగా చిత్రకారుడు. సినిమాల్లోకి నిర్మాతగా వచ్చాడు. జి. రవీంద్రనాథ్‌తో కలిసి 'మా భూమి' నిర్మించి, దర్శకత్వం గౌతమ్ ఘోష్ అనే బెంగాలీ యువకుడి చేతిలో పెట్టాడు. 1983లో 'రంగుల కల' తనే తీసి, అందులో పెయింటర్ వేషం కూడా తనే కట్టాడు. బొమ్మలు కొనేవాళ్లు ఒకవైపు, బొమ్మల్లో ఉండాల్సిన మనుషులు ఇంకోవైపు, నడుమ నలిగే పట్నం కళాకారుడి కథ. గద్దర్ పాటల వల్ల అది జనంలోకి పోయింది గానీ, నాకైతే ఆ పెయింటర్ ఏమీ చెయ్యలేక ఊరికే నిలబడ్డ చోట్లే ఎక్కువ ఇష్టం. కథను మలుపులతో కాక మనిషితో నడిపించడం అక్కడే మొదలైంది.

'దాసి'కి 1988 సంవత్సరపు జాతీయ అవార్డులు అయిదు వచ్చాయి. ఉత్తమ తెలుగు చిత్రం, నటి అర్చన, కెమెరా ఏ.కె. బిర్, దుస్తులు సుదర్శన్, కళ తోట వైకుంఠం. చివరిది నాన్నకు మింగుడుపడలేదు. "సెట్టే ఎయ్యకపాయె, ఆర్ట్ అవార్డు దేనికి?" రెండు రోజులు అదే మాట. మూడో రోజు అన్నం తింటూ, ఎవరూ అడక్కుండానే, "గిన్నెలు జూసినవా? ఒక్కటి మెరిసినా సినిమా పాయె. ఏది పెట్టద్దో ఆయనకు ఎర్కే" అన్నాడు. వైకుంఠం గారి గురించి తర్వాత చాలా చదివాను, ఇంతకంటే బాగా ఎవరూ చెప్పలేదు.

1990లో వచ్చిన 'మట్టి మనుషులు' మాకు మరీ దగ్గరి కథ. పల్లె విడిచి హైదరాబాదు వచ్చి మేస్త్రీల కింద తట్టలు మోసే వాళ్లది. వరంగల్ రోడ్డు పట్టుకుని వచ్చేవాళ్లు బస్సు దిగేది మా ఉప్పల్ చౌరస్తాలోనే. అర్చన తట్ట ఎత్తడం చూసి నాన్న, "పిల్ల నేర్చుకునే జేసింది" అన్నాడు. ఆయన నోట అంతకు మించిన మెచ్చుకోలు వినలేదు. ఆ తర్వాత నర్సింగరావు కథా చిత్రాలు చాలా అరుదైపోయాయి.

2017 నవంబరులో ఉప్పల్‌కు మెట్రో వచ్చినప్పుడు నాన్నను చూపించడానికి తీసుకుపోయాను. పిల్లర్ల నీడన కూలి కోసం కూర్చున్న వాళ్ల పక్కన కూలబడి, ఏ ఊరని అడగడం మొదలుపెట్టాడు. ఒకతను జనగామ అన్నాడు. పైన రైలు వచ్చి పోయింది. నాన్న తలెత్తలేదు, జనగామలో ఏ పక్క అని అడుగుతున్నాడు.