పలుకువారికై పుట్టిన కథ

కథ ముందు పుట్టి, దానికి తగిన భాష అమరుట లోకరీతి. టోల్కీన్ విషయమున ఇది తలక్రిందైనది. ఆక్స్‌ఫర్డులో విద్యార్థిగా నుండగా ఆయనకొక ఫిన్నిష్ వ్యాకరణము చిక్కినది. ఆ ధ్వనులకు వశుడై, 1915 నాటికి క్వెన్యా అను కల్పితభాషకు పదకోశము కూర్చుచుండెను. పలుకువారును, వారికొక చరిత్రయు లేనిదే భాష బ్రతుకదని తలచి ఎల్ఫుజాతిని, వారి యుద్ధములను, వలసలను పెంపొందించెను.

ఆ చరిత్రలో మిక్కిలి బాధాకరమైనది భాషానిషేధము. నోల్డోరులు సోదరజాతియగు టెలెరీల రక్తము చిందించి మధ్యభూమికి మరలివచ్చిరి. టెలెరీ ప్రభువునకు అన్నయగు థింగోల్ రాజు అది విని, తన ఏలుబడిలో క్వెన్యా వినిపింపరాదని శాసించెను. హత్య చేసినవి చేతులు, శిక్ష పడినది నాలుకకు! ప్రవాసులు స్థానికమగు సిందారిన్ నేర్చిరి. దానికి వెల్ష్ ధ్వనులు ఒరవడి. క్వెన్యా ప్రభువుల నడుమను, విద్యాగ్రంథములలోను మాత్రము నిలిచినది. టోల్కీన్ దానిని ఎల్ఫుల లాటిన్ అనెను. గ్రాంథికవాదము నెరిగిన తెలుగువారికి ఈ స్థితి వింత గాదు.

రెండు భాషలకును మూలము ఒక్కటే. వృక్షమునకు క్వెన్యాలో ‘అల్దా’, సిందారిన్‌లో ‘గలధ్’. వీని పూర్వరూపము ‘గలదా’ (తెలుగు చెవికి ప్రశ్నవలె తోచును). ఇట్టి పరిణామములను ఆయన జీవితాంతము దిద్దుచునే యుండెను. 1973లో మరణించునాటికి పూర్ణవ్యాకరణము అచ్చునకు రానేలేదు.